హెడ్విగ్ ఆఖరి సినిమా, ఫ్లైడరర్ గారి చీపురు

హెడ్విగ్‌తో పనిచేయడమంటే గోడకు తల బాదుకోవడమే. స్టుట్‌గార్ట్‌లో, ఓ పాత మేడ కింద నేలమాళిగలో ఆవిడ బొమ్మలు కదుపుతుంది, నేను కెమెరా నొక్కుతాను. బొమ్మను ఇసుమంత జరిపి ఒక ఫొటో, మళ్ళీ జరిపి ఇంకొకటి. రోజంతా చచ్చీ చెడీ తీస్తే, తెర మీద ఎలుగుబంటి ఓసారి ముక్కు గోక్కుంటుంది. ఆవిడ సినిమాలు చూస్తేగానీ పక్క ఎక్కని పిల్లలు దేశమంతా ఉండేవారు. ఆ మాటంటే మూతి తిప్పేది. పొగడనూ ఇవ్వదు మహాతల్లి!

కంప్యూటర్ కొనమని అందరం పోరాం. "దానికి వేళ్ళున్నాయా?" అంది. ఇప్పుడు ఆవిడ వేళ్ళే వణుకుతున్నాయి. ఇదే ఆఖరి సినిమా అని ఇద్దరికీ తెలుసు. మిగిలింది ఒక్క షాట్: మంచులో కూలబడ్డ ముసలి ఎలుగు తనంతట తాను లేవాలి. శుక్రవారానికి మోకాళ్ళ మీదికి లేపి, బొమ్మను అలాగే వదిలి, తలుపు దగ్గరికి వేసి వెళ్ళాం.

మేడలో వాళ్ళంతా వారానికొకరు చొప్పున మెట్లు ఊడవాలి, ఆ వారం వంతు హెడ్విగ్‌ది. ఎవరి వంతో చెప్పే పలక ఆవిడ తలుపుకే వేలాడుతోంది. మా ఊళ్ళో పెళ్ళికి రాకపోయినా క్షమిస్తారు, వంతు ఎగ్గొడితే క్షమించరు. "ఊడ్చెయ్, పైవాటా ఫ్లైడరర్ గారు ఊరుకోదు" అని మొత్తుకున్నాను. వింటేగా!

శనివారం నేను వచ్చేసరికి ఫ్లైడరర్ గారు మెట్లతో పాటు మా స్టూడియో కూడా తుడిచిపెట్టింది. ఎలుగు వెల్లకిలా పడుకుని ఉంది, మెడదాకా చేతిరుమాలు కప్పుకుని.

నాకు ఒళ్ళు మండిపోయింది. "కొంప ముంచారు కదండీ!"

"అరుస్తావేం నాయనా? పాపం ముసలాడు, మోకాళ్ళ మీద ఎంతసేపుంటాడు? పడుకోబెట్టాను."

"అది బొమ్మండీ!"

"తెలుసులే" అంది, రుమాలు సర్దుతూనే.

బొమ్మ చోటు తప్పితే షాట్ పోయినట్టే. మొదటినుంచి తీయడం ఆ చేతుల వల్ల కాదు. అప్పుడే వచ్చిన హెడ్విగ్ ఎలుగు మీదికి వంగి చూసింది.

"ఎవాల్డ్, వీడు లేవకపోతే ఏం?"

"నిన్నటిదాకా లేవాల్సిందేనని నా ప్రాణం తీశావు!"

"తీశాను. ఇన్నేళ్ళూ పడ్డ ప్రతివాణ్ణీ లేపాను. వీడికి ఎవరో వచ్చి దుప్పటి కప్పారు, చాలదూ? నాకూ పడుకోవాలనుంది."

నేను కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాను.

"ఏడుపు తర్వాత. లైటు వెయ్యి. ఊపిరి పీలుస్తున్నట్టుండాలి, రుమాలు నువ్వు కదుపు."

ఇన్నేళ్ళలో నన్ను బొమ్మల దగ్గరకు రానివ్వడం అదే మొదలు. భయంభయంగా అంచు పట్టుకున్నాను.

"కొంచెం అన్నాను, దున్నపోతులా లాగమన్నానా!" అని కసిరింది.