లూజు బెల్లం

మొన్న విశాఖలో మా వీధి చివరి కొట్లో బెల్లం అడిగితే, కొట్టావిడ తలెత్తకుండానే "ప్యాకెట్టా, లూజా అమ్మా?" అంది. లూజే ఇమ్మన్నాను. గోనెసంచి మూతి విప్పగానే ఆ వాసన వచ్చి ముక్కుకి తగిలింది. కాస్త పొగ, కాస్త పచ్చి చెరకు, కాస్త మాడిన తీపి. ఇంటికొచ్చి పొట్లం వంటింటి గట్టు మీద విప్పుకుని, చేయాల్సిన పని మానేసి చాలాసేపు కూర్చున్నాను. ఈ మధ్య ఇదొక జబ్బయింది నాకు, వాసన తగిలితే చాలు చోడవరం వెళ్లిపోతాను.

మా చోడవరంలో లూజు అన్న ముక్క లేకుండా రోజు గడిచేది కాదు. అది ఇంగ్లీషు మాట అని చెబితే మా నాయనమ్మ నమ్మేదే కాదు. బడి తెరిచే ముందు దర్జీ దగ్గర అమ్మ, "ఎదిగే గుంట బాబూ, లూజుగా కుట్టు" అనేది. ఆ లూజు ఎంతంటే, రెండేళ్లపాటు ఆ గౌను లోపల నేను తిరుగుతూ ఉండేదాన్ని, మూడో ఏడు సరిపోయేసరికి అది కాస్తా చిరిగిపోయేది. కొట్లో టీపొడి లూజు, నాన్న సైకిలు చెయిను ఎప్పుడూ లూజు, వేసవిలో మామిడికాయలు మితం లేకుండా తింటే మా అందరి కడుపులూ లూజు, దానికి నాయనమ్మ మజ్జిగన్నం తప్ప మరోటి పెట్టేది కాదు. ఇంట్లో సంగతి వీధిలో చెప్పేవాళ్లకి నోరు లూజు. పాకం ముద్ద కట్టకపోతే బెల్లం లూజు. ఇక బుర్రకి ఒక మర తక్కువని ఊరు తేల్చేసిన మనిషి కూడా లూజే. మా ఇంట్లో ఆ మనిషి నూకరాజు చిన్నాన్న, నాన్నకి ఆఖరి తమ్ముడు.

నిజానికి ఆయన బుర్రకేమీ తక్కువ కాలేదు. మాట నిదానం, అంతే. ఏదైనా అడిగితే మన మొహం చూసి, నేల చూసి, అప్పుడు జవాబు చెప్పేవాడు. ఈలోగా అడిగినవాళ్లు వెళ్లిపోయేవాళ్లు. తాత పాత చొక్కాలు తొడుక్కునేవాడు కాబట్టి వాటి భుజాలు మోచేతుల దాకా జారేవి. కానీ మార్గశిరం వచ్చి, మంచు పడే పొద్దుల్లో మా తోటలో గానుగ ఆడుతుంటే మాత్రం ఆయన్ని మించినవాడు లేడు. రసం పెనం కింద పొయ్యిలోకి ఎండిన చెరకు పిప్పి ఎగదోయడం ఆయన పని. అదీ ఒక పనేనా అనిపిస్తుంది గానీ, మంట ఎక్కువైతే పాకం మాడుతుంది, తగ్గితే రసం నానుతూ ఉడికి బెల్లం గట్టిపడదు. అందుకే మావాళ్లకొక కట్టు ఉండేది: రసం పొంగు పట్టిన దగ్గర్నుంచి పాకం దిగేదాకా పొయ్యి దగ్గర మనిషి లేవకూడదు, దాహమేస్తే ఇంకొకరు నీళ్లు తెచ్చి పోయాలి. ఆ చెంబు పట్టుకెళ్లేది నేనే. ఆయన దోసిలి పట్టి తాగుతూ కూడా కంటి కొసతో మంటనే చూసేవాడు. "సాల్లే అమ్మా" అని, నివురులో నాకోసం దాచిన చిలకడదుంప ఒకటి బయటికి దొర్లించేవాడు. పాకం దిగే వేళకి పిల్లలమంతా టేకాకులు పట్టుకుని, కొబ్బరి ముక్కలు, వేరుశెనగ గుళ్లు జేబుల్లో పోసుకుని, పెనం చుట్టూ మూగేవాళ్లం.

నా తొమ్మిదో ఏట మా క్లాసులోకి సుధ అనే అమ్మాయి వచ్చింది. వాళ్ల నాన్నకి విజయవాడ నుంచి బదిలీ. కొలతకి కుట్టిన గౌను వేసుకునేది. అలాంటి పిల్ల నాతో మాట్లాడటమే గొప్ప అనుకుని, వేడి పాకం తినిపిస్తానని ఓ ఆదివారం పొద్దున తోటకి తీసుకెళ్లాను. అప్పటికే రసం పొంగు పట్టింది. చిన్నాన్న మమ్మల్ని చూసి మొహమంతా నవ్వు చేసుకుని, మసి చేత్తోనే ఒక దుంప తీసి సుధ ముందుకి చాచాడు. ఆ పిల్ల ఒక అడుగు వెనక్కి వేసి, "ఎవరే ఈయన?" అంది.

మా చిన్నాన్న అనొచ్చు కదా. అనలేదు.

"మా గానుగలో పనోడు. లూజులే, పట్టించుకోకు," అన్నాను. పాపిష్టి నోరు.

ఆయన చెయ్యి కాసేపు అలాగే ఉండిపోయింది. తరవాత దుంపని పొయ్యి గట్టు మీద పెట్టి, పంచె దులుపుకుని లేచి, చెరకు కొట్టేసిన మడుల్లోంచి కాలవ వైపు నడిచి వెళ్లిపోయాడు. నేను పిలవలేదు. తాత బండి దగ్గర చెరకు దింపిస్తున్నాడు. ఆయన చూసేసరికి మంట చల్లారి, పొంగు అణిగి చాలాసేపైంది. ఆ తరవాత ఎంత పిప్పి ఎగదోసినా లాభం లేకపోయింది. మధ్యాహ్నానికి పాకం దిగింది గానీ, సాయంత్రం అచ్చులో వేలు పెడితే దిగబడిపోయేంత లూజు.

పొద్దు వాలాక చిన్నాన్న తిరిగొచ్చాడు. తాత అందరి ముందూ నిలదీశాడు.

"ఏరా, పొయ్యి ఒగ్గేసి ఎక్కడికి పోనావు?"

చిన్నాన్న తాత మొహం చూశాడు, నేల చూశాడు, నావైపు మాత్రం చూడలేదు.

"లూజుగాడికి పొయ్యి అప్పసెప్పేను సూడు, నాదీ బుద్ధి తక్కువ! రేపట్నుంచి పొయ్యికాడికి రాకు," అన్నాడు తాత.

నేను గానుగ పాక రాట చాటున నిలబడి అంతా విన్నాను. ఒక్క మాట చెప్పి ఉంటే ఆయన చోటు ఆయనకి ఉండేది. మర్నాటి నుంచి పొయ్యి ముందు పీట మీద వేరే ఆయన కూర్చున్నాడు, చిన్నాన్న ఎండలో పిప్పి ఆరేశాడు. తాత ఉన్నన్నాళ్లూ అదే పని. మళ్లీ నేను ఆయన్ని లూజు అనలేదు. అనకపోతే మాత్రం ఆయనకేం ఒరిగింది?

బెల్లం పొట్లం విప్పుకు కూర్చున్న మర్నాడే చోడవరం బస్సెక్కాను. మా తోట ఇప్పుడు ప్లాట్లు, రాళ్లు పాతి రంగులు వేశారు. పెనం ఎప్పుడో పాత ఇనుముకి పోయింది. టేకాకులు పట్టుకుని మూగే పిల్లలు లేరు, పొద్దున్నే మంచులో కలిసి ఇళ్లలోకి దూరే ఆ తీపి పొగా లేదు. చిన్నాన్న ఉన్నాడు. అరుగు మీద కూర్చుని ఉన్నాడు, ఒంటి మీద కొడుకు చొక్కా, అదీ లూజే. పక్కన కూర్చుని, ఇన్నేళ్లుగా కడుపులో పెట్టుకున్నదంతా చెప్పేశాను. ఆ రోజు నా మాటకే నువ్వు లేచి వెళ్లిపోయావని తెలిసీ తాతకి చెప్పలేదని, నీ పొయ్యి పోయింది నావల్లేనని చెప్పి, ఏడ్చాను కూడా.

ఆయన నా మొహం చూశాడు. నేల చూశాడు. ఎంతసేపైనా కూర్చుందామనే వెళ్లాను, కూర్చున్నాను.

"అది సరేగానమ్మా," అన్నాడు చివరికి, "నువ్వు తెచ్చిన ఆ గుంట... పాకం తిన్నాదా?"

తిన్నదని చెప్పాను. ఆ చెడిన పాకమే టేకాకులో వేయించుకుని, వేళ్లు నాక్కుంటూ రెండుసార్లు తిన్నదని చెప్పాను.

"మరింకేటి," అని నవ్వాడు. "దుంప అందుకోనేదు కదా. ఆకలితోటి ఎల్లిపోనాదేమో అనుకున్నాను ఇన్నాళ్లూ."