ఆ దెయ్యం మా సుక్రమ్మ అప్ప

మా చిన్నప్పుడు అరకు గట్టుమీద తీసిన సినిమాలో దెయ్యం వేసింది హీరోయిన్ కాదు... మా సుక్రమ్మ అప్ప! మావైపు అక్కని అప్ప అంటాం. ఇన్నేళ్లుగా నా కడుపు మండుతున్నది అందుకే. నా చదువు రెండో తరగతి. నోటితో చెబుతున్నాను, ఫోనే రాసుకుంటోంది.

ఆ రోజు అప్పుడే వాన వెలిసింది. మద్రాసు డైరెక్టరు తల పట్టుకుని కూర్చున్నాడు. దెయ్యానికి పాదాలు వెనక్కి ఉండాలట... హీరోయినేమో బురదలో వెనక్కి రెండడుగులు వేసి జారిపడింది.

కట్టెల మోపుతో అటే వస్తున్న అప్ప పకపకా నవ్వింది.

"దానికంత ఏడుపేటి బాబూ? వాన్లో గట్టు దిగినట్టు ఎనక్కి దిగిపోతాను... సూడు!"

మా కొండల్లో అంతే. నేల జారుతుంటే గట్టువైపు ముఖం పెట్టి, కొమ్మలు పట్టుకుంటూ వెనక్కి దిగుతాం. అప్ప మోపు పడేసి, కుచ్చిళ్లు వీపువైపు కట్టి, జుట్టు విరబోసి సరసరా దిగింది! కిందున్న కెమెరాకి వీపే ముందనిపించింది. ముఖం ఉండాల్సిన చోటంతా జుట్టు... పాదాలు వెనక్కి... హీరో నిజంగానే కేక పెట్టి పరిగెత్తాడు!

డైరెక్టరు గంతేసి, "అమ్మా, శవం కూడా నువ్వే!" అన్నాడు. శవం వేసింది. మంత్రగత్తె చేతులూ, గుహలో ఏడుపూ అప్పవే. నెత్తురంటే ఎర్రటి జాఫ్రా గింజలు నలిపిన నీళ్లు... తెల్లచీర మేనేజరు పంచె! ఆ తర్వాత ఏ చిన్న కంపెనీ దెయ్యం సినిమాకి వచ్చినా, రైలు దిగి ముందు మా ఇల్లే అడిగేది. పెళ్లయి కురుపాం కోడలిగా వెళ్లేదాకా అప్పే దెయ్యం. ఒక్కదాంట్లోనూ ముఖం కనబడలేదు.

మొదటి సినిమా టెంటు హాలుకి వస్తే వెళ్లాం. తెరమీద పేర్లు పడుతుంటే అప్ప నన్ను గిల్లింది.

"తమ్మా, నాకు సదువు రాదు... నా పేరేదిరా?"

కూడబలుక్కుని చదివాను. దెయ్యం పక్కన హీరోయిన్ పేరుంది.

"అదిగో, పైనే ఉందప్పా!" అనేశాను.

తెరమీద తన పేరు పడిందని నేటికీ అందరికీ చెప్పుకుంటుంది.

ఇప్పుడా సినిమా ఎవరో ఫోన్లోకి ఎక్కించారు. వీడియో కిందా హీరోయిన్ పేరే! శుక్రవారం సంతకి అప్ప మనవరాలితో వస్తోంది. "ఆ సినిమా సూపించరా" అంది. ఈసారి చదివేది నేను కాదు... ఆ మనవరాలు గుంట.

అప్పట్లో చదువురాని అప్పకి నా ఒక్క అబద్ధం సరిపోయింది... ఇప్పుడు ఇంటింటా గుంటలు గడగడా చదివేస్తున్నారు. మీ ఊళ్లో ఇలా ముఖం కనబడకుండా వేషం వేసినవాళ్లుంటే వాళ్ల పేర్లూ ఇక్కడ పెట్టండి.

వీడియో పెట్టిన బాబూ... తెరమీది అక్షరాలు మార్చలేవు, సరే. కింద "దెయ్యం: సుక్రమ్మ" అని రాయి. రాస్తావో లేదో గురువారం పొద్దుగూకేలోగా చెప్పు!