జయప్రియ నీళ్ళు పోసుకున్న వైనం

తమిళనాడు ధర్మపురి జిల్లా ఇండూరులో కేబులు వాసుదేవన్ అంటే నేనే. ఇరవై ఆరేళ్ళుగా ఈ ఊరి మిద్దెల మీద నడిచినవాణ్ణి. ఎవరింట్లో ఏ సీరియల్ చూస్తారో, ఏ ఇంటాయన ఏ వార్తకు టీవీని తిడతాడో నాకు తెలుసు. ఇప్పుడు అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చాక మిద్దెలెక్కే పని తగ్గింది, మోకాళ్ళ నొప్పి మాత్రం తగ్గలేదు. మాది ఇంట్లో తెలుగు, గడప దాటితే అరవం. తాతముత్తాతల నాటి నుంచీ ఇదే ఏర్పాటు. మా తాత నాకు తెలుగు అక్షరాలు నేర్పాడు కాబట్టి ఇది రాస్తున్నాను. దీన్ని చదవగలిగేవాళ్ళు ఊళ్ళో నాతో కలిపి ఇద్దరు. రెండో ఆయనకు కళ్ళు కనబడవు.

రాయవలసింది జయప్రియ గురించి. మా వీధి చివరింటి చిన్నతాయక్క మనవరాలు. తండ్రి సెంగోడన్ బోరు లారీతో ఊళ్ళు తిరుగుతాడు, తల్లి తిరుప్పూరులో బనియన్ల కంపెనీలో కుడుతుంది. పిల్లను పెంచింది అవ్వే. చిన్నతాయక్క నడుము వంగేదాకా పొలాల్లో కూలి చేసింది. వంగాక, మండీవాళ్ళు గోదాములో నిలవ పెట్టిన చింతపండు తెచ్చుకుని, వాకిట్లో కూర్చుని, చిన్న సుత్తితో కొట్టి గింజ తీసి ఇస్తోంది. వాళ్ళూ మాలాగే ఇంట్లో తెలుగువాళ్ళు. కులం వేరు, కూడు వేరు, మాట ఒకటే.

తప్పు నాతోనే మొదలయింది, ఒప్పుకుంటాను. పిల్ల తొమ్మిదో తరగతిలో ఉండగా వాళ్ళింటి బాక్సు మారుస్తూ పొరపాటున తెలుగు చానళ్ళు పెట్టేశాను. సాయంత్రం తీసేద్దామని పోతే చిన్నతాయక్క అడ్డం కూర్చుంది. టీవీలో మనుషులు ఇంట్లో మాట మాట్లాడటం అరవై ఏళ్ళలో ఆమె అప్పుడే చూసింది. ఉంచమంది. ఉంచాను. మా ఆవిడ కూడా చూస్తుందని మా ఇంట్లోనూ పెట్టుకున్నాను.

ఆ రోజుల్లో మధ్యాహ్నం రెండు గంటలకు ఒక సీరియల్ వచ్చేది. అందులో ఒక అత్త. చేటంత ముక్కుపుడక, పట్టుచీరతోనే నిద్రపోయేది, పట్టుచీరతోనే లేచేది. కోడళ్ళ పాలల్లో ఏవో కలిపేది. మా ఊళ్ళో ఆమెకు ముక్కుపుడకత్త అని పేరు. ఒకనాడు కోడలు కళ్ళు తిరిగి పడిపోయింది. ఇంట్లో ముసలావిడ నాడి పట్టుకుని చూసి, కోడలు నీళ్ళోసుకుంది అంది. అంతే, వయొలిన్లు మోగాయి, ఇల్లంతా స్వీట్లు పంచారు. వాకిట్లో సుత్తి ఆగింది.

"నీళ్ళు పోసుకుంటే మిఠాయి పంచుతారా?" అంది చిన్నతాయక్క. "మనము దినమూ పోసుకుంటాము. ఎవురన్నా ఒక బెల్లంముక్క ఇచ్చినారా?"

ఎందుకంటే మా ఇళ్ళల్లో స్నానం అనే మాట లేదు. నీళ్ళు పోసుకోవడమే ఉంది. పొద్దున లేస్తే నీళ్ళు పోసుకుంటాం, పొలం నుంచి వస్తే నీళ్ళు పోసుకుంటాం, చావింటికి పోయి వచ్చినా అదే. ఆ కోడలు పాపం చాన్నాళ్ళకు తలకు పోసుకున్నదేమో, అందుకే అంత సంబరం అని మా ఆవిడ కూడా అనుకుంది. నెల తిరిగేసరికి కోడలికి కడుపు కనబడింది, అప్పుడు అర్థమయింది. చిన్నతాయక్క నవ్వి చింతపండు కొట్టుకుంది. మాకు సీరియల్లో మాట సీరియల్లోది, ఇంట్లో మాట ఇంట్లోది.

జయప్రియకు అలా కాలేదు. మన తెలుగు తప్పు తెలుగు అని ఆ పిల్ల తీర్మానించుకుంది. బళ్ళో అరవపిల్లలు నువ్వు తెలుగు పిల్లవి అంటారు, టీవీ చూస్తే నువ్వు తెలుగు పిల్లవు కావు అన్నట్టుంటుంది. పద్నాలుగేళ్ళ పిల్ల ఎటు పోతుంది? టీవీ వైపే పోయింది. పొరుగింటి పుల్లకూర రుచి అన్నది ఊరికే కాదు. ముందు అవ్వ అనే మాట పోయి నానమ్మ వచ్చింది. తరవాత 'వచ్చినాను, పోయినాను' పోయి 'వచ్చాను, వెళ్ళాను' వచ్చాయి. నీళ్ళు పోసుకోవడం ఇంట్లో నిషేధమయింది. చిన్నతాయక్క నోరు జారి అంటే, "స్నానం, నానమ్మా, స్నానం" అని దిద్దేది. చిన్నతాయక్క సానం అనేది. "స్నానం" అనేది పిల్ల. చిన్నతాయక్క గింజ తీసి పక్కన పడేసి ఊరుకునేది.

ఇంకో చిక్కు వచ్చింది. సీరియల్లో అందరికంటే స్పష్టంగా, తాపీగా మాట్లాడేది ముక్కుపుడకత్తే. మంచి కోడలు ఎంతసేపూ ఏడుస్తుంది, ఏడుపులో మాట అర్థం కాదు. కాబట్టి జయప్రియ తెలుగంతా ఆ అత్త దగ్గర నేర్చుకున్నదే. ఒకసారి నేను బిల్లు కోసం పోతే తలుపు పట్టుకుని, "వచ్చారా? మీరు వస్తారని నాకు తెలుసు" అంది. ఇంటికి వచ్చాక కూడా నాకు గుండె దడ తగ్గలేదు.

ధర్మపురి కాలేజీలో డిగ్రీ అయ్యాక ఆ తెలుగే అక్కరకు వచ్చింది. హోసూరులో ఒక కంపెనీ ఆంధ్రావాళ్ళ ఫోన్లకు జవాబు చెప్పేందుకు తెలుగు మాట్లాడే పిల్లలను వెతుకుతోంది. మొదటి ఇంటర్వ్యూ ఫోన్లోనే. మీ తెలుగు చాలా స్వచ్ఛంగా ఉంది అన్నారట. జయప్రియ ఆ మాటను రెండు రోజులు ఇంట్లో తిప్పి తిప్పి చెప్పింది. చిన్నతాయక్క వీధిలో చెప్పింది. తిరుప్పూరు పోయి బనియన్లు కుట్టకుండా బతికే దారి ఆ పిల్లకు అదొక్కటే కనబడింది, నాకూ అదే కనబడింది.

రెండో ఇంటర్వ్యూ అరవం లెక్కలో ఆడి నెల పద్దెనిమిదో తేదీ పడింది. మా జిల్లాలో ఆ రోజు సెలవు, సగం జనం హొగెనకల్‌లో కావేరి నీళ్ళలో మునుగుతారు, మిగతా సగం ఇంట్లో తలకు పోసుకుంటారు. పదకొండు గంటలకు ఫోను చేస్తామన్నవాళ్ళు తొమ్మిదిన్నరకే చేశారు. పిల్ల తలకు పోసుకుని ఇంకా దొడ్లోనే ఉంది. ఫోను చిన్నతాయక్క ఎత్తింది, చెవి సరిగా వినబడదని స్పీకరు పెట్టింది. నేను అదే వాకిట్లో తెగిన తీగ అతుకుతున్నాను. కాబట్టి ఇది ఎవరో చెప్పింది కాదు, నా చెవులతో విన్నది.

"జయప్రియ గారున్నారాండీ?" అంది అవతలి అమ్మాయి.

"మా పిల్ల నీళ్ళు పోసుకొనింది తల్లీ."

అవతల కాగితాలు తిప్పిన చప్పుడయింది. తరవాత ఆ అమ్మాయి చాలా మర్యాదగా, ఫారంలో పెళ్ళి కాలేదని ఉందే అని అడిగింది.

"పెండ్లికీ దీనికీ ఏమి సమ్మంధం?" అంది చిన్నతాయక్క.

ఆ అమ్మాయి గొంతు తగ్గించి, "ఎన్నో నెలండీ?" అంది.

చిన్నతాయక్క నా వైపు చూసింది. నేను తీగ వదిలి, అరవ నెలలు లెక్కపెడుతూ వేళ్ళు మడిచాను. చిత్తిరై, వైగాసి, ఆని, ఆడి. నాలుగు వేళ్ళు చూపించాను. ఇంటర్వ్యూ అంటే జనరల్ నాలెడ్జ్ కూడా అడుగుతారు కాబోలు అనుకున్నాను.

"నాలుగో నెల," అంది చిన్నతాయక్క.

జాగ్రత్తగా చూసుకోమని చెప్పి ఆ అమ్మాయి ఫోను పెట్టేసింది. ఎంత మంచి పిల్ల, ఎంత మర్యాద అని మేమిద్దరం మెచ్చుకున్నాం. నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందని నేను సామెత కూడా చెప్పాను.

మధ్యాహ్నం ఇంగ్లీషులో మెసేజీ వచ్చింది. శుభాకాంక్షలు, ఈ పరిస్థితిలో రాత్రి షిఫ్టులు మీకు మంచివి కావు, ఏడాది తరవాత మళ్ళీ ప్రయత్నించండి. చివర ఉయ్యాల బొమ్మ. జయప్రియ రెండుసార్లు చదివింది. ఏం జరిగిందని అవ్వను అడిగింది. చిన్నతాయక్క దాచకుండా, కాస్త గర్వంగానే అంతా చెప్పింది. వేళ్ళు మడిచింది నేనని కూడా చెప్పింది.

పిల్ల అరవలేదు. అరిచి ఉంటే బాగుండేది. అక్కడే నిలబడి కంపెనీకి ఫోను చేసింది. జరిగింది పొరపాటండీ, నాకు పెళ్ళి కాలేదు, ఇంకేమీ కాలేదు అని చెప్పింది. మరి ఆవిడ అలా అన్నారేమిటి అని అడిగారు కాబోలు.

"ఆవిడకు తెలుగు రాదండి," అంది జయప్రియ. "తమిళావిడ."

వాకిట్లో చిన్నతాయక్క సుత్తి ఎత్తినది ఎత్తినట్టే పట్టుకుంది. నాకు ఒళ్ళు మండింది. ఆ పిల్ల మాటలు నేర్చుకున్నదే ఆ నోటి దగ్గర. కానీ ఉద్యోగం పోగొట్టినవాళ్ళలో నేనూ ఒకణ్ణి కాబట్టి నోరెత్తే ముఖం లేకపోయింది. తీగ చుట్టుకుని వచ్చేశాను.

కంపెనీవాళ్ళు నమ్మారు. వారంలో ఉద్యోగం వచ్చింది. హోసూరులో హాస్టల్, శనివారం సాయంత్రం బస్సుకు ఇంటికి రావడం, సోమవారం తెల్లవారి బస్సుకు పోవడం. ఇంట గెలిచి రచ్చ గెలవాలంటారు. ఈ పిల్ల రచ్చ గెలిచింది.

మొదటి శనివారం ఇంటికి వస్తే చిన్నతాయక్క లేచి నిలబడి, "వాంగ, ఉక్కారుంగ" అంది. రండి, కూర్చోండి అని. మా ఇళ్ళల్లో అరవం రేషన్ కొట్టు ఆయనతో మాట్లాడతాం, కండక్టరుతో మాట్లాడతాం, కరెంటు బిల్లు అమ్మాయితో మాట్లాడతాం. కన్నబిడ్డలతో మాట్లాడం. జయప్రియ తమాషా అనుకుంది. అన్నం పెట్టి, "సాప్పిడుంగ" అంది చిన్నతాయక్క, తినండి అని. పడుకోబోయే ముందు దుప్పటి ఇచ్చి ఇంకో అరవం మాట. కోపం లేదు, విసుగు లేదు, అంతా మర్యాదే. తమిళావిడ అంది కదా, తమిళావిడే అయింది. నాతో మాత్రం మామూలు తెలుగే. నేను సర్దిచెప్పబోతే, "దానికి నా తెలుగు వద్దంట నాయనా, ఊరికే పెట్టేదేంటికి?" అంది.

ఆవణి గడిచింది, పురట్టాసి వచ్చింది. పిల్ల వారం వారం చిక్కిపోయింది. ఒక ఆదివారం మా ఇంటికి వచ్చి కూర్చుని చాలాసేపు రిమోటు నొక్కింది. ఉద్యోగంలోనూ తంటా వచ్చిందట. కుప్పం వైపు రైతు ఒకాయన కనెక్షన్ పనిచేయడం లేదని ఫోను చేస్తే ఈ పిల్ల, మీ సమస్య ఇక నా సమస్య, దీన్ని ఇంతటితో వదిలిపెట్టను, గుర్తుపెట్టుకోండి అందట. ఆయన భయపడి ఫోను పెట్టేసి, మీ ఆఫీసులో ఎవరో ఆడమనిషి నన్ను బెదిరించిందని ఫిర్యాదు చేశాడు. అలాంటివి అయిదు వచ్చాయి. పై ఆవిడ పిలిచి, తల్లీ, నువ్వు సీరియల్లోలా మాట్లాడకు, ఇంట్లో ఎలా మాట్లాడతారో అలా మాట్లాడు అని చెప్పిందట.

"ఇంట్లో ఇప్పుడు తెలుగు లేదు మామా," అంది జయప్రియ. ఏడవడం మొదలుపెట్టింది. ముక్కుపుడకత్త ఎప్పుడూ ఏడవదు కాబట్టి ఇది ఆ పిల్ల సొంత ఏడుపే అని నాకు తెలిసింది. ఉద్యోగం పోతే పోనీ, అవ్వ ఒక్కసారి తనను 'ఏమే' అంటే చాలంది. నన్ను పోయి చెప్పమంది.

నాకు జాలి వేసింది, కానీ మొదటి కోపం ఇంకా తీరలేదు. నువ్వు తెంపిన తీగ నువ్వే అతుక్కో, నేను కేబులు మాత్రమే అతుకుతాను అన్నాను. తరవాత రాత్రంతా ఆ మాట అన్నందుకు నన్ను నేనే తిట్టుకున్నాను.

ఐప్పసిలో వానలు పట్టాయి. ఒక ఆదివారం పొద్దున చిన్నతాయక్క ఇంట్లో బొమ్మ రావడం లేదంటే పోయాను. ఆమె గుమ్మంలో చింతపండు ముందు కూర్చుని ఉంది. లోపల పొయ్యి మీద నీళ్ళు కాగుతున్నాయి. జయప్రియ తువ్వాలు భుజాన వేసుకుని వచ్చి అవ్వ ఎదురుగా నిలబడింది. నన్ను చూసి కూడా వెనక్కి పోలేదు. రెండుసార్లు నోరు తెరిచి మూసింది. ఆరేళ్ళుగా గీకి గీకి తీసేసిన మాట, నాలుక మీదికి అంత సులభంగా రాదు.

"అవ్వా," అంది. "నీళ్ళు పోసుకొని వస్తాను. తలకు నువ్వు పోస్తావా?"

సుత్తి ఆగింది. చిన్నతాయక్క చేతిలో గింజను చూసింది, మనవరాలిని చూసింది, పైనుంచి కిందిదాకా నిదానంగా చూసింది. ముఖంలో ఒక్క గీత కదలలేదు.

"ఎన్నో నెలే?" అంది.

జయప్రియ అవ్వ ముందు కూలబడి, చింతపండు చేతులనే పట్టుకుని ముఖానికి ఆనించుకుంది. నా వేళ్ళు వాటంతటవే మడుచుకున్నాయి. ఐప్పసి, ఏడో నెల. ఈసారి మాత్రం నోరు మూసుకుని నిచ్చెన ఎక్కాను.