ఎనభై దగ్గర ఆపిన ఆమె

మా ల్యాప్‌టాప్‌కు కొత్త బ్యాటరీ ఇక దొరకదన్న కబురు మొదట తెచ్చింది మా వదిన లక్ష్మీదేవి. మాట పడిపోయిన మా తమ్ముడు టైపు చేస్తే ఆ ల్యాప్‌టాపే పైకి పలుకుతుంది. కరెంటు పోతే వాడి గొంతు ఆగిపోతుందని రాత్రింబవళ్లు చార్జింగులోనే ఉంచేవాళ్లం. చివరికి బ్యాటరీ దెబ్బతింది.

నమ్మలేక ల్యాప్‌టాప్ పట్టుకెళ్లి ప్రొద్దుటూరు షాపుల్లో నేనూ అడిగి, తిరిగి జమ్మలమడుగు బస్సెక్కాను. పక్కన కూర్చున్న బురఖా ఆమెకు సంగతంతా చెప్పాను.

“కడుపు నిండినాక కూడా కుక్కుతాంటే బ్యాటరీ ఎట్ల బతుకుతాదక్కా?” అందామె.

“ఇంక బాగుపడదా తల్లీ?”

“పోయింది రాదు. ఉండేదన్నా ఉండనీ.”

ఆమె నా ల్యాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుని, ఎనభై శాతానికే చార్జింగ్ ఆగేలా సెట్టింగ్ మార్చింది.

ఇప్పటికీ కరెంటు పోతే తమ్ముడి మాట మధ్యలోనే తెగిపోతుంది. మిగిలిన ఆ కాస్త బ్యాటరీకి “అక్కా” అన్నంత వరకే వినిపిస్తుంది. ఆ పిలుపూ ఎన్నాళ్లో తెలియదు. అంతవరకైనా మిగిల్చినందుకు రోజూ దీపం పెట్టి దండం పెట్టుకుంటాను. ఆమె పేరు నాకు తెలియదు. మీరూ ఆమెను ఒక్కసారి తలచుకోండి.