ఒక్క కప్పూ గెలవని క్లబ్బు

ఫుట్‌బాల్‌లో నాకు ఓనమాలు రావు. అయినా ఏప్రిల్‌లో ఓ శుక్రవారం మధ్యాహ్నం పన్నెండింటికి ఇంగ్లాండ్‌లోని కోవెంట్రీలో గ్లాస్గో రైలెక్కాను. కారణం మా ఆసుపత్రి ఎక్స్‌రే విభాగంలో నాతో పనిచేసే అలన్. స్కాట్లాండ్‌లో వాళ్ల చిన్న ఊరి క్లబ్బు ఆట వానల వల్ల రెండుసార్లు వాయిదా పడింది. ఈ శనివారమూ జరక్కపోతే లీగ్‌లోంచి పేరు కొట్టేస్తామన్నారు నిర్వాహకులు. అలన్‌కేమో డ్యూటీల పట్టికలో సెలవు దొరకలేదు. "నా బదులు నువ్వెళ్లిరా, అక్కడ మా అమ్మ ఉంటుంది" అన్నాడు.

ప్రెస్టన్ దాటాక పక్క సీట్లోని కరీంనగర్ అమ్మాయితో మాట కలిసింది. గ్లాస్గోలో మాస్టర్స్ చేస్తోంది. నా సంగతి విని నవ్వింది. "గ్లాస్గోలనే పెద్ద పెద్ద టీములున్నయ్ గదన్నా, ఆడికెందుకు పోతున్నవ్?" నాకూ తెలియదన్నాను.

ఐదున్నరకు గ్లాస్గోలో దిగి, ఆరుంపావు బస్సు పట్టుకుని ఏడున్నరకు ఊరు చేరాను. అలన్ వాళ్లమ్మ జీన్ ఆంటీ ఇంట్లోనే బస. డెబ్బై దాటిన మనిషి, క్లబ్బు కార్యదర్శి ఆవిడే.

పొద్దున ఎనిమిదింటికి మైదానం నిండా నీళ్లు. పన్నెండింటికి రిఫరీ వచ్చి ఆట ఉందో లేదో తేలుస్తాడు. ఈలోగా ఊరి జనం తలా ఒక తోటపని ఫోర్కుతో వచ్చారు. దాని పళ్లు నేలలో నిలువుగా గుచ్చి తీస్తే నీళ్లు కిందికి ఇంకుతాయట. వాన పడ్డప్పుడల్లా ఊరంతా చేసే పనే ఇది. నేనూ ఒకటి అందుకుని, హుషారుగా గుచ్చి, గడ్డితో సహా ఓ పెళ్ల పెకలించాను.

"గుచ్చమన్నాం బాబూ, తవ్వమన్లేదు" అంది జీన్ ఆంటీ.

గుచ్చుతూనే క్లబ్బు చరిత్ర చెప్పింది. దీన్ని పెట్టింది నూలు మిల్లు కార్మికులు. ప్రపంచ యుద్ధమప్పుడు ఈ మైదానంలో బంగాళాదుంపలు పండించారు. తర్వాత మిల్లు మూతపడింది, క్లబ్బు పడలేదు. మాలో కలిసిపొమ్మని పక్క ఊరి పెద్ద క్లబ్బు అడిగితే సభ్యులంతా కుదరదు పొమ్మన్నారు.

"కప్పులెన్ని గెలిచారు?"

"ఒక్కటీ లేదు. అయితే ఏంటి?"

పదకొండింటికి మళ్లీ జల్లు మొదలైంది. ఒక్కరూ కదల్లేదు. వాన మీద నాకూ కోపమొచ్చింది, ఇంకా గట్టిగా గుచ్చాను.

రిఫరీ గోలు ముందు బంతి వదిలితే అది బురదలో కూరుకుపోయింది. అతను తల అడ్డంగా ఊపాడు.

"ఒంటిగంటన్నరకి రండి" అంది జీన్ ఆంటీ. బతిమాలినట్టు లేదు ఆ మాట. అతను సరేనన్నాడు. మేమందరం ఆ గోలు చుట్టూ చేరాం. ఒంటిగంటన్నరకి బంతి మోకాలెత్తు ఎగిరింది. మూడింటికి ఆట మొదలైంది. ‘మటన్ పై’ అనే మాంసం కూరిన రొట్టె, వేడి టీ అక్కడే దొరుకుతాయి. వెళ్లేవాళ్లు పాత బూట్లు తీసుకెళ్లండి. ఆ ఊళ్లో చూడ్డానికి కోటల్లేవు, సరస్సుల్లేవు. అంత మొండి ఊరిని మాత్రం నేనెక్కడా చూడలేదు.

ఆరింటి బస్సులో తిరిగొస్తూ, డ్యూటీలో ఉన్న అలన్‌కి ఫోన్ చేశాను.

"నాలుగు సున్నా. ఓడిపోయాం."

"అంటే, ఆడారా?" అన్నాడు.

"ఆడాం" అన్నాను, బొబ్బలెక్కిన చేతిలోంచి ఫోను ఇంకో చేతికి మార్చుకుంటూ. "వచ్చే ఏడూ ఆడతాం."