రాగి లేని తీగ

ఎనభైల చివర్లో ఒక జనవరి ఉదయం. మా డిటాచ్‌మెంట్ మాచర్ల దాటాక రాళ్ళ మైదానంలో లారీ దిగింది. ఆరుగురం. నేను సైన్యం సిగ్నల్స్ విభాగంలో లాన్స్ నాయక్‌ని. ఎదురుగా నాపరాళ్ళు తవ్విన గుంటలు. వాటి వెనక సర్కారు తుమ్మ. ఆ వెనక బోడికొండ. పొద్దున చలికి వేళ్ళు కొంకర్లు పోయేవి. మధ్యాహ్నానికి రాళ్ళు వేడెక్కి చొక్కాలు తడిసేవి.

మా ఊరు గురజాల. అక్కడికి బస్సులో గంట ప్రయాణం. అయినా వెళ్ళడానికి వీల్లేదు. ఎక్కడున్నామో ఇంటికి ఉత్తరం రాయడానికీ వీల్లేదు. ఆర్డరు.

కొండమీద రేడియో ట్రక్కులో ఒక కంప్యూటరు, కింద కమాండ్ గుడారంలో ఒకటి. రెంటినీ కలపాలి. మధ్య రెండు కిలోమీటర్లు. అప్పటిదాకా మేము రాగి తీగలే లాగేవాళ్ళం. పిడుగు పడితే ఆ తీగ వెంటే వచ్చి యంత్రాలను కాల్చేది. శత్రువు దానికి మరో తీగ తగిలించి మా మాటలు వినగలిగేవాడు. ఈసారి ప్రయోగానికి మల్టీమోడ్ ఆప్టికల్ ఫైబర్ ఇచ్చారు. పైన నల్ల తొడుగు, లోపల గాజు పోగు. అందులో పారేది కరెంటు కాదు, వెలుతురు.

కెప్టెన్ సాబ్ చుట్టూ కూర్చోబెట్టి చెప్పారు. క్యాంపులో మాటలన్నీ హిందీలోనే. తెలుగులో రాస్తున్నాను.

"ఈ గాజు నడిమి భాగం కాస్త వెడల్పు. వెలుతురు అందులో ఒక్క దారిన పోదు. కొంత తిన్నగా, కొంత వంగుతూ మళ్ళుతూ, చాలా దారుల్లో పోతుంది. అందుకే మల్టీమోడ్ అన్నారు. దూరం పెరిగితే ఒకటి ముందు, ఒకటి వెనక చేరి సంకేతం చెదిరిపోతుంది. ఊరికీ ఊరికీ మధ్య వేయడానికి పనికిరాదు. ఒక క్యాంపులో, ఒక భవనంలో యంత్రాలను కలపడానికి ఇంతకన్నా తేలికైనది లేదు."

తెగితే అతికే శిక్షణ పొందింది నేనొక్కణ్ణే. ఆ సంగతి నాకు కొంచెం గర్వంగానే ఉండేది.

నాలుగో రోజు భోజనాలవేళ కొండమీది ఆపరేటర్ వాకీటాకీలో పిలిచాడు.

"లింక్ పోయింది. తెర ఖాళీ. ఓవర్."

"మీ కనెక్టరు చూడు. ఓవర్."

"చూశాను. వెలుతురు రావట్లేదు. ఓవర్."

హవల్దార్, నేను, ఇద్దరు జవాన్లు కేబుల్ వెంట నడిచాం. నాపరాళ్ళ గుంట దగ్గర అది తెగి ఉంది. పాతిక గజాల ముక్క మాయమైంది. జవాన్లు గుంటలోకి దిగారు. ఒక మనిషిని రెక్కలు పట్టుకుని పైకి తెచ్చారు. అతని ఒళ్ళో మా కేబుల్. తొడుగును పళ్ళతో ఒలిచినట్టున్నాడు, పెదవి మీద రక్తం. అరచేతుల్లో గాజు ముళ్ళు.

మా అన్న సైదులు. గురజాలలో కాలిన మోటార్లకి రాగి తీగ చుట్టే వైండింగ్ కొట్టు. నాన్న పోయాక నన్ను చదివించింది ఆ కొట్టే.

అన్న నన్ను చూశాడు. వెంటనే తల తిప్పుకున్నాడు.

"తెలుగువాడివి కదా, ఎవరో కనుక్కో" అన్నాడు హవల్దార్.

నేను నోరు తెరవకముందే అన్న నేలవంక చూస్తూ గొణిగాడు. "నేనెవరో నీకు తెలవదు. అంతే చెప్పు. నీకు దండం పెడతా, నీ ఉద్దోగం పోద్దిరా."

"ఏమంటున్నాడు?"

నా చెవులు కాలిపోతున్నాయి. జవాన్లిద్దరూ నా నోటివంకే చూస్తున్నారు.

"మా అన్న, సాబ్. సొంత అన్న."

అన్న కళ్ళు మూసుకున్నాడు. జవాన్లు అతని రెక్కలు వదిలేశారు. వాళ్ళు నాకోసం వదిలారు. ఆ మర్యాదకి భూమిలోకి కుంగిపోయాను.

కెప్టెన్ సాబ్ వచ్చారు. ఎందుకు కోశావని అడిగారు. అన్న చెప్పింది నేనే హిందీలో చెప్పాను.

"మిరపతోటకి ఆఖరి తడి సారూ. రైతు మోటారు కాలింది. రోజూ తెల్లారకముందే వచ్చి నా కొట్టుముందు కూర్చుంటన్నాడు. బజార్లో రాగి తీగ లేదు. ఈడ తీగ పడుందని గొర్లోళ్ళు చెప్పారు."

కెప్టెన్ సాబ్ తెగిన కొసను చేతిలోకి తీసుకుని చూశారు. "ముందు లింక్. తర్వాత పోలీస్ స్టేషన్. అది నా చేతుల్లో లేదు" అన్నారు.

అన్నను ఒక రాతిమీద కూర్చోబెట్టి సెంట్రీని పెట్టారు. అతని ముందే నేను అతను కోసింది అతకాలి. కొత్త ముక్క తెచ్చి పోగు ఒలిచాను, స్పిరిటుతో తుడిచాను, కొసను నున్నగా కోశాను. భూతద్దం కింద చిన్న పట్టకారుతో రెండు కొసలూ ఎదురెదురుగా పెట్టాను. అవి ఒకపట్టాన తిన్నగా రాలేదు.

"ఇందులో రాగి లేదేందిరా?" అన్న మెల్లగా అడిగాడు.

"గాజన్నా."

"గాజులో మాటలెట్టా పోతాయి?"

"వెలుతురు పోద్ది."

"నాకు తెలవదురా" అన్నాడు. చిన్నపిల్లాడిలా అన్నాడు.

నడిమి భాగం వెడల్పైన పోగు కాబట్టి, కొసలు కాస్త అటూఇటూ అయినా అతుకు కుదిరింది. రెండోదీ కుదిరింది. వాకీటాకీ పలికింది. "లింక్ వచ్చింది. శభాష్. ఓవర్." అదే భూతద్దం, అదే పట్టకారు తీసుకుని అన్న అరచేతుల్లోంచి గాజు ముళ్ళు తీశాను. తర్వాత అన్నను తీసుకెళ్ళడానికి పోలీసు జీపు వచ్చింది.

తెలియక చేశాడని కెప్టెన్ సాబ్ రాసిచ్చారు. కోర్టు జరిమానాతో వదిలేసింది. నా ఉద్యోగానికి ఏమీ కాలేదు. మెస్సులో ఎవరూ ఆ మాట ఎత్తలేదు. నా పళ్ళెంలో ఒక రొట్టె ఎక్కువ వేసేవాళ్ళు. దాన్ని తినకుండా పక్కన పెట్టేవాణ్ణి.

వేసవిలో సెలవు దొరికింది. యూనిఫారంలోనే గురజాలలో బస్సు దిగాను. ఇంటి గుమ్మంలోనే వదిన నిలేసింది.

"నువ్వే పట్టిచ్చావంటగా. ఊరంతా అంటన్నారు. ఎవరో నాకు తెలవదంటే నీ సొమ్మేం పోయేది?"

"అట్టా అంటే అన్న ఏమయ్యేవాడు వదినా? నలుగురూ కలిసి కొట్టేవాళ్ళు."

"ఇప్పుడేమయ్యాడో పోయి చూడు."

కొట్టుకి వెళ్ళాను. అన్న ముక్కాలిపీట మీద కూర్చుని మోటారు చుడుతున్నాడు. గుమ్మంలో నీడ పడగానే తలెత్తాడు. ముందు నా ముఖం చూడలేదు. బూట్లు, బెల్టు, టోపీ చూశాడు. గభాలున లేచి నిలబడ్డాడు.

"నేనన్నా, కూర్చో" అన్నాను.

నన్ను గుర్తుపట్టాడు. నవ్వాడు కూడా. అయినా నేను కూర్చునేదాకా కూర్చోలేదు.

పెన్షన్ తీసుకుంటున్న ఈ వయసులోనూ కళ్ళు మూస్తే నాకు కనిపించేది సరిహద్దు కాదు, కొండ కాదు. మా అన్న నన్ను చూసి లేచి నిలబడటం.