బావ మాట్లాడని తోవ

మొన్న దేవరకొండ బస్టాండులో నల్లగొండ బస్సు కోసం నిలబడి ఉన్నాను. నిలబడి అన్నది మాటవరసకే. ఉన్నచోట ఉండే మనిషిని కాను నేను. ఆ చివరి నుంచి ఈ చివరికి నాలుగుసార్లు తిరిగి, తెలిసిన బోర్డులే మళ్లీ చదివి, అడిగిన మాటే అడిగి ఎంక్వైరీ కౌంటరులో ఆయన్ని విసిగించి వచ్చేసరికి ఒక గుంపు పిల్లలు బస్సు దిగారు. ఒక్కొక్కరి వీపు మీద తలకంటే ఎత్తు లేచిన సంచి, దాని అడుగున చుట్టిన చాప, పక్కన వేలాడే నీళ్ల సీసా. ఎటు పోతున్నారని అడగకుండా ఉండగలిగితే నేను నేనెందుకవుతాను? "అచ్చంపేట పోయి ఆడికెళ్లి సలేశ్వరం పోతున్నం మేడం" అన్నాడొక పిల్లవాడు. అంతే, అరికాళ్లలో ఏదో పాకినట్టయింది. బస్సు వచ్చింది, కిటికీ పక్కన సీటూ దొరికింది, కానీ నల్లగొండ చేరేదాకా కుదురుగా కూర్చోలేకపోయాను. పక్క సీటులో ఆవిడ "కాళ్లు నొస్తున్నయా అమ్మా" అని జాలిపడింది కూడా.

సలేశ్వరం తెలియని వాళ్ల కోసం చెబుతాను. నల్లమలలో పులులు తిరిగే అడవి నడుమ ఒక లోతైన లోయ ఉంది. దాని అడుగున జలపాతం, పక్కన గుహలో శివుడు. చెంచులు ఆయన్ని లింగమయ్య అంటారు, పూజ కూడా వాళ్లదే. ఏడాదంతా మూసి ఉండే ఆ తోవను చైత్ర పున్నమికి కొద్ది రోజులు మాత్రం తెరుస్తారు. చాలామంది శ్రీశైలం రోడ్డు మీదుగా, బండ్లు పోయినంత దూరం బండ్లలో పోయి, చివరి లోయ మాత్రం దిగుతారు. లింగాల వైపు నుంచి సద్దిమూట వీపున వేసుకుని, అడవిలో ఆగుతూ ఆగుతూ నడిచే పాత తోవ ఇంకొకటి ఉంది. మేము ముగ్గురం పోయింది ఆ తోవన. అప్పటికి కొత్త జిల్లాలు ఏర్పడి ఒక ఎండాకాలం కూడా గడవలేదు. నిన్నటిదాకా పాలమూరు అన్న ఊళ్లన్నీ నాగర్‌కర్నూలు అయ్యాయి, దేవరకొండ మాత్రం నల్లగొండలోనే మిగిలింది. మా బావ దారి పొడుగునా "మనం గిప్పుడు ఏ జిల్లల ఉన్నట్టు?" అని అడుగుతూనే ఉన్నాడు, ఏ జిల్లాలో ఉంటే ఆయనకేం ఒరుగుతుందో తెలియదు గానీ.

ముగ్గురం అంటే మా అక్క, బావ, నేను. అక్కకు దేవరకొండలో ఇంటి ముందరే కుట్టుమిషన్, దాని పక్కనే బావకు కిరాణా కొట్టు. ఆ ఏడు శివరాత్రి తర్వాత అక్క ఎడమ రొమ్ములో గడ్డ కనిపించింది. హైదరాబాదు దవాఖానలో సూదితో ముక్క తీసి పరీక్షకు పంపారు. రిపోర్టుకు వారం పడుతుందన్నారు. బావ అన్న కొడుకు ఆ పక్కనే ఏదో ఆఫీసులో పని చేస్తాడు కాబట్టి, తనే తెచ్చి డాక్టరుకు చూపించి ఫోన్ చేస్తానన్నాడు. ఇంటికి వచ్చాక అక్క మిషన్ తొక్కలేదు, వంట చేయలేదు. ఈ గదిలోంచి ఆ గదిలోకి కాలుగాలిన పిల్లిలా తిరిగింది. అది మా ఇంట్లో నా పాత్ర. దాన్ని అక్క వేస్తుంటే చూడలేకపోయాను. మూడో నాడో నాలుగో నాడో నేను పాఠాలు చెప్పే బడి నుంచి నేరుగా వాళ్లింటికి పోతే, గడపలో నిలబడి అంది: "ఇంట్ల కూసుంటే గోడలు మీదికొస్తున్నట్టుందే. సలేశ్వరం పోదాం పా. నడుసుకుంటనే పోదాం." నేను కాదనలేదు. నడవడమనే మందు నాకూ కావలసి ఉంది.

బావ మాత్రం కాసేపు ఎగిరాడు. ఎండలన్నాడు, పులులన్నాడు, డాక్టరు ఏమంటాడో అన్నాడు. చివరికి కొట్టు మూసి, అన్న ఇంటి నుంచి అరువు తెచ్చిన పెద్ద సంచిని నడింట్లో పెట్టి సర్దడం మొదలుపెట్టాడు. కిరాణా కొట్టాయన సర్దితే ఎట్లా ఉంటుంది? బియ్యం, పెసరపప్పు, ఉప్మారవ్వ, చక్కెర, ఉప్పు, అటుకులు, పల్లీలు, అన్నీ అరకిలో లెక్కన ప్లాస్టిక్ కవర్లలో, మూతులు ముడేసి, కొట్లో అలవాటైన చేత్తో పేర్చాడు. చిన్న కుక్కరు, గొడుగు, అగరువత్తులు, కొబ్బరికాయలు, ఒక తలదిండు కూడా ఎక్కాయి. "అక్కరకొస్తది" అన్నది ఆయన మంత్రం. అక్క తన వంతుగా జొన్నరొట్టెలు, మామిడికాయ తొక్కు కట్టింది. సంచి లేపితే బావ వెనక్కి పడబోయాడు. లేచి, ఎవరూ చూడనట్టే నిలబడ్డాడు.

అడవి మొదట్లో చెక్‌పోస్టు ఉంది. లోపలికి ప్లాస్టిక్ పోవద్దన్నారు. మంచి నియమమే, కాదనను. కానీ అక్కడి పిల్లవాడు బావ సంచిలోంచి కవరు తర్వాత కవరు తీస్తుంటే, అది సంచి తనిఖీలా లేదు, కొట్టు సోదాలా ఉంది. కవర్లన్నీ విప్పి పోయడానికి మా దగ్గర ఉన్నవి రెండు తువ్వాళ్లు, అక్క పాత చీర ఒకటి. బావ కంగారులో బియ్యం మీద పప్పు, పప్పు మీద రవ్వ, దాని మీద చక్కెర పోశాడు. ఉప్పు ఎటు పోయిందో తెలియలేదు గానీ తినేటప్పుడు తెలిసింది. అడవిలో ఉన్నన్ని పూటలూ ఆ కలగూర గంపనే కుక్కరులో పెట్టి తిన్నాం. తియ్యగా, ఉప్పగా, నడుమ నడుమ పల్లీలు తగులుతూ. అక్క మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని బావ వైపు చూసి నవ్వింది. ఆ వారంలో తను నవ్వగా చూడడం నాకు అదే మొదలు. నాకైతే ఏడుపొచ్చింది.

నడక మొదలుపెట్టక ముందే అక్క ఒక షరతు పెట్టింది. "రిపోర్టు ముచ్చట ఎవ్వలు తీయొద్దు. తీసినోళ్లు గక్కడికెళ్లే వాపస్ పోవాలె." సరేనన్నాం. ఫోన్లకు అక్కడ సిగ్నలే లేదు కాబట్టి తీయడానికి ముచ్చటా లేదు. అయినా నా చెయ్యి ఊరుకోదు. పది అడుగులకోసారి సంచిలో ఫోన్ తడుముకోవడం, ఏమీ లేదని చూసి పెట్టేయడం. ఎండిన టేకాకులు కాళ్ల కింద పెళపెళలాడుతుంటే, ఆ చప్పుడు కూడా ఫోనేమో అనిపించేది. ముందు నడిచి, వెనక్కొచ్చి, మళ్లీ ముందుకు పోయి, వాళ్లు ఒక కోసు నడిస్తే నేను రెండు నడిచాను. నేల మీద రాలిన ఇప్పపువ్వు వాసన తల తిప్పేది. తోవ పక్కన తునికిపండ్లు ఏరి అక్క కొంగులో పోశాను. తను ఒక్కొక్కటే తింటూ, గింజలు ఊస్తూ, బడికి పోయే పిల్లలా నడిచింది. బావ నోరు మాత్రం ఆగలేదు. కందిపప్పు ధర దగ్గర మొదలుపెట్టి, మా పెళ్లిళ్లలో వంటలు ఎక్కడెక్కడ చెడిపోయాయో చెప్పి, నా పెళ్లిలో పులిహోర పులిసిన సంగతి దగ్గర ఆగి, "మరదలా, గా వంటాయనను నేనే మాట్లాడిన్నని ఇప్పటిదాక నీకు ఎర్కలేదు గదా" అన్నాడు. ఆయన మాటలు లేకపోతే ఆ మొదటి రోజు నేను పిచ్చిదాన్నయ్యేదాన్ని. మాట ఆగితే భయం లోపలికి వస్తుందని ఆయనకూ తెలుసు. అందుకే సందు ఇవ్వలేదు.

చెంచులు పెంట అని పిలుచుకునే గూడెం దగ్గర, జాతరకొచ్చిన వాళ్లందరూ ఆగే చోట, పడుకున్నాం. తెల్లవారి బయలుదేరాక తోవ ఒక గుట్ట పక్కగా పోతుంది. నడివేళకు అక్క, నేను నల్లమద్ది నీడన కూర్చుంటే బావ లేచి "జర మీదికెక్కి సూసొస్త, తోవ ఎటున్నదో" అన్నాడు. తోవ కళ్లముందే ఉంది. జనం పోతూనే ఉన్నారు. గుట్ట మీద సిగ్నల్ అందుతుందని పొద్దున పెంటలో ఎవరో అనగా నేను విన్నాను, ఆయనా విన్నాడు. నేనే ఎక్కాలనుకున్నాను, అక్క కళ్లకు వెరచి ఆగాను. చాలాసేపటికి దిగి వచ్చాడు. వచ్చి ఏమీ అనలేదు. నీళ్లు తాగలేదు. అక్క చంకన ఉన్న గుడ్డసంచిని అందుకుని, తన పెద్ద సంచి మీద వేసుకుని, "పోదామా" అన్నాడు. అంతే.

ఆ తర్వాత బావ మాట్లాడలేదు. ఏ జిల్లా అని అడగలేదు. అప్పటిదాకా అందరికంటే ముందుండే మనిషి, అక్క వెనక ఒక్క అడుగు దూరంలో, తన అడుగులో అడుగు వేస్తూ నడిచాడు. రాయి వస్తే చెయ్యి పట్టాడు. కాళ్లు తిమ్మిరెక్కాయని అక్క ఆగితే తనూ ఆగాడు. అడగాలి, అడగకూడదు. ఆయన ముఖంలోకి చూడాలి, చూడకూడదు. వేగంగా ముందుకు పోతే తెలియకుండా ఉంటుందేమో అన్నట్టు పరుగులాంటి నడకతో పోయాను. దారిలో ఎవరో ముసలాయన "ఏంది బిడ్డా, లింగమయ్య యాడికి పోతడు, నిమ్మలంగ పో" అన్నాడు.

లోయ దిగే తోవ ఒక మనిషి పట్టేంత ఇరుకు. ఒక పక్క బండ, ఒక పక్క పాతాళం. దిగేవాళ్లు "వస్తున్నం లింగమయ్యా" అనాలి, ఎక్కేవాళ్లు "పోయొస్తం లింగమయ్యా" అనాలి. ఆ రెండు కేకలూ లోయంతా తిరుగుతుంటాయి. అడుగున నీళ్లు పైనుంచి సన్నగా, ఐసులా పడుతున్నాయి. అక్క చీరతోనే ఆ ధార కింద నిలబడి ఎంతకూ బయటికి రాలేదు. బావ తువ్వాలు పట్టుకుని గట్టున నిలబడ్డాడు, ఆ తువ్వాలుకు ఇంకా రవ్వ అంటుకునే ఉంది. దర్శనమయ్యాక ఆయన కొబ్బరికాయ కొట్టడానికి వరుసలో నిలబడితే, మేమిద్దరం బండ మీద కూర్చున్నాం. అక్క వెంట్రుకలు పిండుకుంటూ, నీళ్ల వైపే చూస్తూ అంది:

"మీ బావకు సిగ్నల్ దొరికినట్టుంది."

నేను వరుసలో ఉన్న బావ వైపు చూశాను.

"పెండ్లయిన కాన్నుంచి చూస్తున్న. గింతసేపు నోరు మూసుకున్నది ఎన్నడన్న ఉన్నదా? గుట్ట దిగంగనే సమజైంది నాకు." వెంట్రుకలు ముడేసుకుని, "నాకు ఎర్కైందని ఆయనకు చెప్పకే. రోడ్డెక్కేదాక దాసిపెడదామని చూస్తున్నడు, పాపం. గిట్లనే నడువనియ్యి. గీ తోవ నాకు మంచిగున్నది" అంది.

నేను తన ఒళ్లో తల పెట్టి ఏడ్చాను. ఏడవాల్సింది తను. అయినా నేనే ఏడ్చాను, తనే వీపు నిమిరింది. బావ వస్తుంటే ఇద్దరం ముఖాలు కడుక్కున్నాం. నీళ్లకేం తక్కువ లేదు కదా అక్కడ.

వాపసు వచ్చేటప్పుడు మన్ననూరు వైపు నడిచాం. అందరికీ తెలిసిన సంగతిని ఒకరి నుంచి ఒకరం దాచుకుంటూ, అడవి మిగిలినంత దూరం ముగ్గురం ఎంత మర్యాదగా నడిచామో చెప్పలేను. లోయ ఎక్కుతున్నప్పుడు "పోయొస్తం లింగమయ్యా" అని అందరికంటే గట్టిగా అరిచింది బావే. ఆ పూటకు ఆయన నోటి నుంచి వచ్చిన మాటలు అవే. రోడ్డెక్కాక చాయ కొట్టు దగ్గర ముగ్గురి ఫోన్లూ ఒక్కసారే మొత్తుకున్నాయి. బావ చాయ గ్లాసు పట్టుకుని, "ఇగో, పిల్లగాడు ఫోన్ చేసిండు..." అని మొదలుపెట్టి ఆగిపోయాడు.

"ఎప్పుడు పోవాలె దవాఖానకు?" అంది అక్క.

"ఎల్లుండి."

"సరే తియ్. చాయ తాగు, సల్లారుతది."

ఆపరేషన్ అయింది. మందులు ఎక్కించారు, జుట్టు పోయింది, మళ్లీ వచ్చింది. ఈసారి ఉంగరాలు తిరిగి వచ్చింది. ఆ రెండేళ్లూ అక్క ఏం తిన్నది, ఎంత నిద్రపోయింది, ఎన్ని మెట్లు ఎక్కింది అని మేమంతా తన చుట్టే తిరిగాం. అందరికంటే ఎక్కువ తిరిగింది బావ. డాక్టర్లు ఇక భయం లేదన్నారు. కరోనా రెండోసారి వచ్చిన ఎండాకాలం ఊరికి ఉప్పూపప్పూ కావాలి కదా అని బావ కొట్టు మూయలేదు. జ్వరమన్నాడు, తగ్గిందన్నాడు, దవాఖానలో పడక దొరికేసరికి మాట్లాడే ఓపిక పోయింది. వారం కూడా పట్టలేదు. మమ్మల్ని లోపలికి రానివ్వలేదు.

మొన్న బస్సు దిగి ఇంట్లో అడుగుపెట్టగానే అక్కకు ఫోన్ చేశాను. మళ్లీ పున్నమి వస్తోంది, పోదామా అన్నాను. "పోదాం. నువ్వు ఉరకొద్దు మల్ల" అంది. ఇప్పుడు ఆ గుట్ట తోవ తలుచుకుంటే అక్క అడుగులో అడుగు వేసే బావే కళ్లకు కడుతున్నాడు. ఆ అడవిలో మేం ముగ్గురం అక్కకు ఇంకెన్ని రోజులున్నాయోనని కుమిలిపోతూ నడిచాం, తరిగిపోతున్న రోజులు బావవని మాలో ఎవ్వరికీ, ఆయనకు కూడా, తట్టనే లేదు.